బిల్వమంగళ చిత్రఖండము

1919వ సంవత్సరము నవంబరు 1వ తేదీన కలకత్తా నగరమునందలి కార్న్‌వాలిస్ నాటకశాలలో “బిల్వమంగళ్” అను మూకచిత్రము మొదటిమాఱు ప్రదర్శింపబడెను. దానిని నిర్మించినది మదన్‌గారి ఎల్ఫిన్‌స్టన్ బయస్కోపు కంపెనీ. దర్శకుడు రుస్తుంజీ ధోతీవాలా. చింతామణి వేషమును మిస్ గోహర్, బిల్వమంగళుని వేషమును దొరాబ్జీ మేవావాలా ధరించిరి. చిత్రపు నిడివి 12,000 అడుగులు. వంగదేశమున నిర్మితములైన పూర్తి నిడివిగల కథాచిత్రములలో నిది మొదటిదని చరిత్రకారులు చెప్పుదురు. మూకచిత్రముల కాలము గడచిన వెనుక ఈ చిత్రము కంటికి కానరాకపోయెను. పేరు మాత్రము పట్టికలలో నిలిచెను. దాదాపు నూఱేండ్లకు, 2016లో, పారిసు నగరమునందలి సినిమాథెక్ ఫ్రాన్సేజ్ అను చిత్రభాండారమునుండి దాని ఖండమొకటి ప్రతిరూపముగా స్వదేశమునకు మరల వచ్చెను. అందులకు మాఱుగా పుణె నగరమునందలి జాతీయ చలనచిత్ర భాండారమువారు “జమాయిబాబు” అను 1931 నాటి వంగ మూకచిత్రపు ప్రతిరూపమును పారిసువారి కిచ్చిరి.

లభించిన ఖండము నిడివి 594 మీటర్లు. అనగా సుమారు 1,950 అడుగులు. మొత్తములో నిది ఆఱవ వంతునకు మించదు. అడుగునకు పదునాఱు బొమ్మల లెక్కను ముప్పదియొక వేల బొమ్మలు మిగిలినవన్నమాట. అవి తెరమీద అరగంటసేపు కూడ నడువవు. ఆదిని, అంతమును కోల్పోయిన తాళపత్ర గ్రంథమును చేతబట్టిన పండితునకు ఈ స్థితి క్రొత్తది కాదు. ఆఱవ వంతైనను మిగిలినది మూలమే యగుటచే దానికి విలువ గలదు.

ఈ ఖండముతో కడప కర్నూలు సీమలకేమి సంబంధమని శంక కలుగవచ్చును. సంబంధము రెండు విధముల నున్నది. మొదటిది ఆ కథ. రెండవది ఆ చిత్రము పుట్టిన రంగస్థల సంప్రదాయము. వానిని వరుసగా విచారించుట యుక్తము.

కథ

బిల్వమంగళ వృత్తాంతము ఆంధ్ర పాఠకులకు సుపరిచితము. వేశ్యాలోలుడైన బిల్వమంగళుడు తుపానురాత్రి చింతామణి యింటికి పోవుచు, ఏటిలో తేలివచ్చిన శవమును దుంగ యనుకొని పట్టుకొని దాటెననియు, గోడను వ్రేలాడు పామును త్రాడనుకొని యెగబ్రాకెననియు, ఈ మోహమును భగవంతునియందు నిలిపినచో తరింతువని చింతామణియే యతనిని మందలించెననియు, అంతట నాతడు విరక్తుడై లీలాశుకుడను పేర శ్రీకృష్ణకర్ణామృతమును రచించెననియు లోకమున వాడుక. ఈ లీలాశుకుడు కృష్ణాతీరవాసి యని ఆంధ్రులును, తమ దేశమువాడని కేరళీయులును, తమవాడని వంగీయులును చెప్పుకొందురు.

ఇంతటి ప్రణయగాథకు మూలము మిక్కిలి చిన్నది. శ్రీకృష్ణకర్ణామృతపు మొదటి శ్లోకమున కవి సోమగిరి యను గురువును తలచుచు, చింతామణి యను పదమును కూడ వాడినాడు. అది కోరినదిచ్చు రత్నము వంటివాడని గురువునకు విశేషణమా, లేక మొదట తనకు మేలుకొలుపు చెప్పిన స్త్రీ పేరా యను విషయమున వ్యాఖ్యాతలు ఇరుదెఱగుల వ్రాసిరి. రెండవ పక్షమువారి వ్యాఖ్యానము కథగా పెరిగెను, కథ నాటకమాయెను, నాటకము చలనచిత్రమాయెను. ఒక పదమునకు జరిగిన వ్యాఖ్యానభేదము ఇంతదూరము వ్యాపించుట సారస్వత చరిత్రయందు గమనింపదగిన విషయము.

ఆ గ్రంథపు వ్యాప్తి కూడ ఒక పునర్లాభ చరిత్రయే. చైతన్య మహాప్రభువు దక్షిణదేశ యాత్ర చేయుచు కృష్ణవేణీ తీరమున బ్రాహ్మణులు పఠించుచుండగా శ్రీకృష్ణకర్ణామృతమును విని, దానికి ప్రతి వ్రాయించి తనవెంట గొనిపోయెనని చైతన్య చరితామృతము చెప్పుచున్నది. పిదప అది గౌడదేశ వైష్ణవులకు నిత్యపారాయణ గ్రంథమాయెను. ఆ కృష్ణయే దిగువకు పాఱి సంగమేశ్వరము, శ్రీశైలము కడ కర్నూలు సీమను తాకుచున్నది. దక్షిణమునుండి వంగదేశమునకు పోయిన గ్రంథమునకు సంబంధించిన కథయే వంగదేశమున చలనచిత్రమై, పారిసు చేరి, నూఱేండ్లకు మరల వచ్చినది.

వంగదేశమున గిరీశచంద్ర ఘోషు ఈ కథను 1880లలోనే రంగమునకెక్కించెను. ఆంధ్రదేశమున కాళ్ళకూరి నారాయణరావుగారి “చింతామణి” 1920 ప్రాంతమున వెలువడి, ఆ శతాబ్దమంతయు పల్లెపల్లెను ప్రదర్శింపబడెను. రాయలసీమ గ్రామములలో జాతరలకును, ఉత్సవములకును తెల్లవాఱులు ఈ నాటకమాడుట పెద్దలెల్లరు నెఱిగినదే. నాటకమును సమాజములు తమ యిష్టానుసారము పెంచి, తగ్గించి, హాస్యభాగములను విపరీతముగా సాగదీయుటచే నారాయణరావుగారి పాఠము వేఱు, రంగమున వినబడు పాఠము వేఱు అయ్యెను. సుబ్బిశెట్టి పాత్ర తమ్ము కించపఱచుచున్నదని ఆర్యవైశ్యులు చేసిన విన్నపముపై ఆంధ్రప్రదేశ ప్రభుత్వము 2022 జనవరిలో ఈ నాటక ప్రదర్శనమును నిషేధించెను. తెరపై కూడ ఈ కథ పలుమాఱులు కనబడెను. నెల్లూరివాడైన వై. వి. రావు దర్శకత్వమున 1937లో అఱవమున “చింతామణి” వెలువడి, మధురలో నేడాదికి పైగా నడచెను. 1956లో భరణీవారి తెలుగు “చింతామణి” భానుమతి, నందమూరి తారకరామారావుగార్లతో వచ్చెను.

దీనినిబట్టి కథ ఎన్నడును నష్టము కాలేదని స్పష్టము. శ్లోకము, వ్యాఖ్యానము, నాటకము, వాక్చిత్రము అను నాలుగు మార్గముల నది ప్రవహించుచునే యుండెను. నష్టమైనది 1919 నాటి చిత్రము మాత్రమే. కథ సజీవముగా నుండుటచేతనే, ఆ కథను మొదట ఎట్లు చూపిరో తెలిపెడు ప్రతి పోయిన సంగతి యెవ్వరికిని లోపముగా తోపలేదు. ప్రసిద్ధ కథల విషయమున ఇదియే పెద్ద అపాయము. కథ నోటివెంట బ్రతుకును. ప్రతి యన్ననో, ఎవరో యొకరు దాచినగాని బ్రతుకదు.

రంగస్థల సంప్రదాయము

ఇక రెండవ సంబంధము. కడప మండలమునందలి సురభి గ్రామమున 1885లో వనారస గోవిందరావుగారు “కీచకవధ” నాటకమును ప్రదర్శించిరి. అదియే సురభి నాటక సమాజములకు ఆది. ఆ కుటుంబములవారు అంతకుముందు తోలుబొమ్మలాట నాడువారు. దీపపు వెలుగున తెరమీద బొమ్మను కదల్చి కథ చెప్పుటయే వారి కులవిద్య. అట్టివారు తెర వెనుకనుండి తెర ముందునకు వచ్చి, తామే పాత్రధారులైరి. అర్ధశతాబ్ది తిరుగక మునుపే వారు మరల తెరమీదికి పోయిరి. హెచ్. ఎం. రెడ్డిగారి దర్శకత్వమున 1932లో విడుదలైన తొలి తెలుగు వాక్చిత్రము “భక్త ప్రహ్లాద”లో నటించినది సురభివారే. అందు లీలావతి వేషమును సురభి కమలాబాయి ధరించెను. ఆ చిత్రము కూడ నేడు లభించుట లేదు.

సురభివారి తొలినాటి ఆట యెట్లుండెను? వారు పాడిన పాటలు కొన్ని వంశపరంపరగా నిలిచినవి. ఆడిన నాటకముల పాఠములు అచ్చులో నున్నవి. కాని చేయి ఎట్లు తిప్పిరి, దుఃఖమును ఏ భంగిమతో చూపిరి, చిత్రించిన తెరలముందు ఎట్లు నిలిచిరి యనునది గ్రంథములకెక్కదు. అభినయము క్షణికము. ఆనాటి నటుల దేహభాషకు వ్రాతప్రతి లేదు.

పార్సీ నాటక సమాజముల రంగపద్ధతి తెలుగు నాటక సమాజములపై ప్రబలముగా పనిచేసినదని నాటక చరిత్రకారుల నిర్ణయము. చిత్రించిన తెరలు, యంత్రములతో చేసెడు అద్భుతములు, రాగవరసలు ఆ మార్గముననే వచ్చినవి. “బిల్వమంగళ్” నిర్మించిన మదన్‌గారు ఆ పార్సీ నాటకరంగమునుండియే చలనచిత్రములకు వచ్చినవారు. కావున ఈ ఖండము సురభివారి ఆటకు ప్రతి కాకపోయినను, ఆ కాలపు రంగాభినయమునకు దగ్గఱి సాక్ష్యము. ఒక కవి గ్రంథము నష్టమైనచో పరిశోధకులు సమకాలికుని గ్రంథమునుండి భాషను, ఛందమును, సమయములను ఊహింతురు. ఆ రీతినే మూకచిత్రఖండమునుండి నాటకాభినయమును ఊహించుట సాధ్యము. మూకచిత్రమున మాటలేకపోవుట ఈ ప్రయోజనమునకు లోపము కాదు. మాట లేనందున నటుడు భావమునంతయు దేహముననే నిలుపవలసివచ్చెను.

ఐనను ఈ సాక్ష్యమును మేరమీఱి వాడరాదు. రంగమున నటుడు దూరమున గూర్చున్నవానికి కనబడునట్లు చేయు అభినయము వేఱు, యంత్రము ముందు చేయునది వేఱు. కలకత్తా వేఱు, కడప వేఱు. సాక్ష్యములు విరివిగా నున్నచోట ఇట్టిదానిని ప్రక్కకు నెట్టవచ్చును. ఏమియు లేనిచోట మాత్రము విడువరాదు.

వేఱొక చిత్రము

మూకచిత్రముల కాలమున భారతదేశమున నిర్మింపబడిన కథాచిత్రములు వేయికి పైబడినవి. నేడు పూర్తిగానో, ఖండములుగానో మిగిలినవి కొన్ని పదులు మాత్రమే. దక్షిణదేశపు స్థితి మఱింత శోచనీయము. రఘుపతి వెంకయ్యగారును, వారి కుమారుడు ప్రకాశుగారును 1921లో మద్రాసున నిర్మించిన “భీష్మప్రతిజ్ఞ” ఆంధ్రుల తొలి చిత్రముగా కీర్తింపబడుచున్నది; దాని ఖండమైనను లభింపలేదు. మలయాళుల తొలి చిత్రమైన జె. సి. డేనియలుగారి “విగతకుమారన్” గతియు నంతే. దక్షిణదేశపు మూకచిత్రములలో దక్కినది ప్రధానముగా నొక్కటి: “మార్తాండవర్మ”.

ఈ చిత్రము దక్కిన విధము సాహిత్య పరిశోధకులు తప్పక తెలిసికొనదగినది. సి. వి. రామన్ పిళ్ళగారు 1891లో ప్రకటించిన “మార్తాండవర్మ” మలయాళమున తొలి చారిత్రక నవల. తిరువాన్కూరు సింహాసనమునకై మార్తాండవర్మ యువరాజు పడిన పాట్లు అందలి రాజకథ. అనంతపద్మనాభుడు, పారుకుట్టి యనువారి ప్రేమ అందలి ప్రణయకథ. నాయకుడు శత్రువుల చేతిలో మడిసెనని లోకము నమ్మును. నాయిక మాత్రము నమ్మదు. ఆతడు పిచ్చివాని వేషమున తిరుగుచు యువరాజును కాపాడి, తుదకు ఆమెను చేరును.

ఈ కథను నాగర్‌కోవిలులోని శ్రీ రాజేశ్వరీ ఫిలింసు పక్షమున ఆర్. సుందరరాజుగారు నిర్మింపగా, పి. వి. రావుగారు దర్శకత్వము వహించిరి. 1933లో అది తిరువనంతపురమున కాపిటల్ నాటకశాలలో విడుదలయ్యెను. నవలపై స్వామ్యము తమదనియు, తమ యనుమతి లేక చిత్రము తీయుట అన్యాయమనియు, నవలా ప్రకాశకులైన కమలాలయ బుక్ డిపోవారు వ్యాజ్యెము తెచ్చిరి. ప్రదర్శనము నిలిచిపోయెను. చిత్రపు ప్రతి ప్రకాశకుల వశమాయెను. నిర్మాతకు నష్టము వచ్చెను. ప్రేక్షకులు చిత్రమును మఱచిరి. ఆ పెట్టె మాత్రము పుస్తకముల అంగడిలో నాలుగు దశాబ్దులు పడియుండెను. 1974లో జాతీయ చలనచిత్ర భాండారమువారైన పి. కె. నాయరుగారు దానిని సంపాదించి పుణె చేర్చిరి.

వ్యాజ్యెము లేకపోయినచో నేమి జరిగియుండును? ఆ ప్రతి ఊరూర తిరిగి, గీతలుపడి, తెగి, అతుకులు వేయబడి, వాక్చిత్రములు వచ్చినపిదప విలువలేనిదై, ఇతర మూకచిత్రముల దారినే పోయియుండునని ఊహించుట అసంగతము కాదు. చిత్రమును అణచిన వివాదమే చిత్రమును కాపాడెను. దానిని కాపాడినది చిత్రవ్యాపారుల గిడ్డంగి కాక పుస్తకముల అంగడి యగుట విశేషము.

గ్రంథపరిష్కర్తలకు ఈ చిత్రమునం దింకొక విశేషము గలదు. మూకచిత్రములలో బొమ్మల నడుమ కథను తెలుపు వ్రాతలను చూపుట వాడుక. “మార్తాండవర్మ”లో నీ వ్రాతలు ఇంగ్లీషునను, మలయాళమునను ఉన్నవి. వానిలో కొన్ని నవలనుండియే తీసికొనబడినవి. స్వదేశీయోద్యమ ప్రసక్తియు వీనిలో వచ్చును. చిత్రారంభమున నాటి మహారాజు శ్రీ చిత్తిరతిరునాళ్ బాలరామవర్మ ఊరేగింపు దృశ్యము చేర్చబడినది. పదునెనిమిదవ శతాబ్దపు కథను 1891 నాటి నవల యెట్లు చెప్పినది, దానిని 1933 నాటి చిత్రము తన కాలపు ఆశలతో నెట్లు చదివినది యను విషయమును ప్రక్కప్రక్కన ఉంచి చూడవచ్చును. మూలగ్రంథమునకు అనువాదము, వ్యాఖ్యానము ఎట్టివో ఈ చిత్రమును అట్టిదే.

శిల, రాగి, తాటియాకు, చిత్రపుచుట్ట

గ్రంథము నిలుచుట అది వ్రాయబడిన ద్రవ్యముపై కొంతయు, దాచినవానిపై కొంతయు నాధారపడును. ఇందులకు నిదర్శనములు వెదకుటకు కర్నూలు కడప సీమలను దాటి పోనక్కఱలేదు.

పత్తికొండ సీమలోని ఎఱ్ఱగుడి బండలపై అశోకుని శాసనములు క్రీస్తునకు పూర్వము మూడవ శతాబ్దమున చెక్కబడినవి. విద్వల్లోకమునకు అవి తెలిసినది 1929 ప్రాంతమున. నడుమ నెవ్వరును వానిని చదువకున్నను, కాపాడకున్నను, ఇరువది శతాబ్దులకు పైగా నిలిచినవి. అందొక శాసనమున కొన్ని పంక్తులు ఎడమనుండి కుడికిని, కొన్ని కుడినుండి యెడమకును చెక్కబడిన వింతయు నేటికి చూడవచ్చును. శిలకు కాపరి లేకున్నను జరుగును.

రాజంపేట చేరువనున్న తాళ్ళపాక వంశీయుల కృషి రెండవ నిదర్శనము. అన్నమాచార్యుని సంకీర్తనములను పుత్రపౌత్రులు పదునాఱవ శతాబ్దమున రాగిఱేకులపై చెక్కించి, తిరుమల ఆలయములోని యొక అఱలో నిక్షేపించిరి. ఇరువదవ శతాబ్దమున అవి బయల్పడి, సాధు సుబ్రహ్మణ్యశాస్త్రి, వేటూరి ప్రభాకరశాస్త్రి ప్రభృతుల కృషిచే లోకమున వెలసినవి. అన్నమయ్య సంకీర్తనములు ముప్పదిరెండు వేలని ప్రతీతి. నేడు లభించునవి సుమారు పదునాలుగు వేలు. రాగి చెడదు గాని, దానిని కరగించి యమ్ముకొన వచ్చును. కావున రాగికి అఱయు, అఱకు తాళమును కావలసివచ్చెను.

మూడవ నిదర్శనము కడపలో బ్రౌను దొర నడపిన గ్రంథపరిష్కరణశాల. తాటియాకులు పురుగునకును, తేమకును లొంగునవి. కాలక్రమమున తిరిగి వ్రాయనిచో నశించునవి. బ్రౌను దొర ఊరూరినుండి తాళపత్రములను తెప్పించి, ఒక్కొక్క గ్రంథమునకు పలు ప్రతులు సమకూర్చి, పండితులచే పోల్పించి, శుద్ధప్రతులను కాగితములపై వ్రాయించెను. ఆయన నివసించిన తావున నేడు కడపలో ఆయన పేర గ్రంథాలయము నడచుచున్నది. ఆయన పద్ధతియందలి సారము రెండు మాటలలో చెప్పవచ్చును: సంపాదించుట, వెంటనే మఱియొక ప్రతి చేయించుట.

చిత్రపుచుట్ట ఈ మూడింటికంటెను దుర్బలమైనది. 1950 ప్రాంతమువఱకు నాటకశాలలలో నాడిన చిత్రములు నైట్రేటు పొరపై ముద్రింపబడెడివి. ఆ పొర తుపాకిమందుకు దగ్గఱి చుట్టము. అంటుకొన్నచో నీటిలో ముంచినను ఆఱదు. నిప్పు తగులకున్నను ఏండ్లు గడచుకొలది తనంతనే క్రుళ్ళి, జిగురెక్కి, తుదకు గోధుమవన్నె పొడియగును. పొరమీది బొమ్మ వెండితో నేర్పడునది. కావున ఆట ముగిసిన చిత్రమును వెండికై కరగించువారు ఉండిరి. 1931లో “ఆలం ఆరా”తో వాక్చిత్రములు రాగానే మూకచిత్రములకు బేరము పోయెను. బేరము లేని వస్తువును దాచువాడు లేడు. వెండి దిగుననగా కరగించువాడు గలడు.

కాపరి యున్నను అపాయము తొలగదు. 1964లో పుణెలో స్థాపింపబడిన జాతీయ చలనచిత్ర భాండారమువారి నైట్రేటు చుట్టలు దాచిన కొట్టునకు 2003 జనవరిలో నిప్పంటుకొని, పెక్కు పాతచిత్రముల చుట్టలు దగ్ధములైనవి. ఒకచోట ఒక్క ప్రతిని దాచుట దాచుట కాదని ఆ యగ్నిప్రమాదము తెలుపుచున్నది. బ్రౌను దొర యెఱిగిన సూత్రము చిత్రములకును వర్తించును. “బిల్వమంగళ్” ఖండము మూలము పారిసున నుండగా ప్రతిరూపము పుణెలో నుండుటయు, “జమాయిబాబు” ప్రతిరూపము పారిసు చేరుటయు ఈ దృష్టితో మెచ్చదగిన ఏర్పాటు.

ఇంతవఱకు చెప్పినదానినిబట్టి గ్రంథము దక్కుటకు నాలుగు దారులు కానవచ్చుచున్నవి. కర్త వంశమువారే నిక్షేపించుట తాళ్ళపాకవారి దారి. అన్యుడు పూనుకొని సంగ్రహించుట బ్రౌను దొర దారి. వివాదమున చిక్కి మూలబడి యుండుట “మార్తాండవర్మ” దారి. దేశాంతరమునకు పోయి అచ్చట నిలుచుట “బిల్వమంగళ్” దారి. వీనిలో మొదటి రెండును బుద్ధిపూర్వకములు, తక్కినవి దైవికములు. భారతీయ మూకచిత్రములలో దక్కినవి పెక్కులు దైవికముగానే దక్కినవి. “భీష్మప్రతిజ్ఞ”కు ఆ దైవమును తోడుపడలేదు.

చేయదగినది

మూకచిత్రము దక్షిణ మండలములలో మిగిలియుండునని ఆశించుట అత్యాశ కావచ్చును. కాని చిత్రము చుట్టు పుట్టిన వ్రాతలు మిగిలియుండుటకు అవకాశము గలదు. ఆటకు ముందు పంచిపెట్టిన కరపత్రములు, కథాసంగ్రహముతో నమ్మిన పాటల పుస్తకములు, నాటక సమాజముల చేతివ్రాత పాఠములు, జమాఖర్చు పుస్తకములు, తెరలు చిత్రించినవారి నమూనాలు పాత యిండ్ల అటకలమీదను, మూతపడిన నాటకశాలలలోను ఉండునవి. “చింతామణి”కి సమాజములు కల్పించుకొన్న పాఠములను ఊరూర సేకరించి అచ్చుప్రతితో పోల్చినచో, నారాయణరావుగారు వ్రాసినదేది, రంగమున చేరినదేది యనునది తేలును. 2022 నాటి వివాదమునకు కారణమైన భాగములు మూలమునందలివా, చేరికలా యనునది పాఠపరిష్కరణమువలననే నిర్ణయింపదగును. ప్రదర్శనము నిలిచిన నాటకమునకు చేతిపాఠములు త్వరగా నశించునని “మార్తాండవర్మ”కు విరుద్ధమైన భయము కూడ ఇచ్చట నున్నది. పుస్తకపుటంగడివారు పెట్టెను దాచిరి. వేషములు మానిన నటుడు తన నోటుపుస్తకమును దాచునని నమ్మరాదు.

చిత్రపుచుట్టలే కనబడినచో రెండు జాగ్రత్తలు వలయును. ఇనుప లేక రేకు డబ్బాలోని చుట్ట ఘాటైన పులుపు వాసన కొట్టుచున్నను, జిగురుగా నున్నను, దానిని విప్పి చూడరాదు, దీపము చేరువకు తేరాదు, ఎండను పెట్టరాదు. డబ్బామీది చీటీలోని వ్రాతను వెంటనే నకలు చేసికొని, చల్లని తావున విడిగా నుంచి, చలనచిత్ర భాండారమువారికి తెలుపవలయును. పనికిరానిదని పాఱవేయుట, వెండికై అమ్ముట అను రెండును తాళపత్రములను పొయ్యిలో పెట్టుటవంటివే.

చలనచిత్రము వినోదమనియు, గ్రంథము విద్య యనియు విభాగించి, మొదటిదానిని పరిశోధన పరిధినుండి తొలగించుట యొకప్పటి వాడుక. కడప మండలమున కొత్తపల్లిలో పుట్టిన బి. ఎన్. రెడ్డిగారికి 1974వ సంవత్సరపు దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారము లభించుటతో ఆ వాడుకకు బలము తగ్గినదనవచ్చును. ఆ యేటనే “మార్తాండవర్మ” పుస్తకముల అంగడినుండి బయటికి వచ్చెను. నాటకము, తోలుబొమ్మలాట, చలనచిత్రము, నవల, శ్లోకము ఒకే కథను ఒకదానినుండి యొకటి పుచ్చుకొన్నవి. వానిలో నొకదాని ప్రతి పోయినచో తక్కినవాని చరిత్రయందును ఖాళీ యేర్పడును. 1919 నాటి చిత్రమున ఆఱవ వంతు మాత్రమే లభించినది. ఆ మాత్రమైనను చేతనుండుటచేత నిప్పుడు దానిని చదువవచ్చును, పోల్పవచ్చును, తప్పు పట్టవచ్చును. సురభివారి తొలి ఆటల విషయమున అదియు లేదు.